లైసెన్సు అక్కర్లేని తుపాకికి నేను లైసెన్సు తీసుకున్న సంగతి

కర్నూలు జిల్లాలోని మా ఊళ్లో మా నాన్నకు ఒక డబుల్ బ్యారెల్ తుపాకి ఉంది. అడవిపందుల నుంచి పంట కాపాడుకోవడానికని, కలెక్టరు ఇచ్చిన లైసెన్సు మీద కొన్నది. ఎన్నికల ప్రకటన వెలువడిందంటే చాలు, దాన్ని పాత పంచెలో చుట్టి పోలీసు స్టేషనులో అప్పగించి, ఆ రసీదును బీరువాలో పొలం పాసు పుస్తకాల మధ్య దాచేవాడు. ఫలితాలు వచ్చాక మళ్లీ వెళ్లి తెచ్చుకునేవాడు. తుపాకి ఇంట్లో ఉన్నా దాని మీద పెత్తనం సర్కారుదేనని చూస్తూ పెరిగినవాణ్ణి కాబట్టి, 2021 సెప్టెంబరు 1 నుంచి టెక్సాస్‌లో 21 ఏళ్లు నిండి, చట్టరీత్యా అనర్హులు కానివాళ్లు ఎవరైనా లైసెన్సు లేకుండానే పిస్టల్‌ను నడుముకు పెట్టుకుని నలుగురికీ కనిపించేలా తిరగవచ్చని విన్నప్పుడు నాకు నమ్మకం కుదరలేదు.

అప్పటికి నేను డాలస్‌కు ఉత్తరాన ఒక చిన్న పట్టణంలో గ్యాస్ స్టేషన్ (పెట్రోలు బంకు, దాంతోపాటే ఒక స్టోర్) నడపడం మొదలుపెట్టి మూడు నెలలైంది. గ్రీన్ కార్డు రాగానే సాఫ్ట్‌వేర్ ఉద్యోగం వదిలి, ఒక మిత్రుడితో కలిసి దాన్ని కొన్నాను. రాత్రి పదకొండు దాకా కౌంటర్ దగ్గర ఒక్కణ్ణే ఉంటాను. పక్క ఊళ్లో మావాళ్లదే ఒక స్టోర్‌లో దోపిడీ జరిగిన వారం, మా ఆవిడే తుపాకి ప్రస్తావన తెచ్చింది.

కొనడం దగ్గర పెద్ద కథేమీ లేదు. తుపాకుల దుకాణంలో 4473 అనే ఫెడరల్ (కేంద్ర ప్రభుత్వ) ఫారం నింపాలి. పౌరసత్వం ఏ దేశానిదో రాయాలి, గ్రీన్ కార్డు మీద ఉన్న నంబరు వేయాలి, నేరాలు, మాదకద్రవ్యాలు, గృహహింస వంటివాటి మీద అడిగే ప్రశ్నలకు అవును, కాదు అని గుర్తు పెట్టాలి. వాటిలో ఒక ప్రశ్న మనవాళ్లందరూ ఆగి చదవవలసినది: తాత్కాలిక వీసా మీద ఈ దేశంలో ఉన్నారా అన్నది. హెచ్‌1బీ, ఎఫ్‌1, హెచ్‌4 అన్నీ ఆ కోవలోకే వస్తాయి. వేట లైసెన్సు ఉన్నవారి వంటి కొద్దిమందికి మినహాయింపు ఉన్నా, మిగిలినవారు తుపాకి కొనడమే కాదు, దగ్గర ఉంచుకోవడం కూడా ఫెడరల్ చట్టం ప్రకారం నేరం. టెక్సాస్ రాష్ట్రం ఎంత ఉదారంగా చట్టం చేసినా ఈ నిషేధాన్ని తొలగించలేదు. హెచ్‌1బీ మీద ఉన్న మిత్రుడొకడు మా ఇంటికి వచ్చినప్పుడు "ఒక్కసారి పట్టుకుని చూస్తాను, ఇవ్వవా?" అని అడిగితే ఇవ్వలేదు. వాడు నొచ్చుకున్నాడు. పదేళ్లుగా గ్రీన్ కార్డు వరుసలో నిలబడినవాణ్ణి అంతకంటే పెద్ద కష్టంలోకి నెట్టడం నాకు ఇష్టం లేకపోయింది.

ఫారం నింపాక దుకాణంవాళ్లు నా వివరాలను ఎఫ్‌బీఐ నడిపే తనిఖీ వ్యవస్థకు పంపితే, వెంటనే సరే అనకుండా ఆలస్యమని సమాధానం వచ్చింది. మూడు పనిదినాలు గడిచినా కాదనలేదు గనుక, నాలుగో రోజున దుకాణంవాళ్లు పిస్టల్‌ను నా చేతిలో పెట్టారు. నేనే ఒక తోలు హోల్‌స్టర్ (తుపాకి ఒర) కొనుక్కున్నాను, ఎందుకంటే కనిపించేలా పెట్టుకుంటే అది తప్పనిసరిగా హోల్‌స్టర్‌లోనే ఉండాలని కొత్త చట్టం చెబుతోంది. 2021కి ముందు అది భుజానికో బెల్టుకో తగిలించే రకమే కావాలనేవారు, ఇప్పుడు ఏ రకమైనా ఫరవాలేదు. కారులో కనిపించేలా ఉంచినా ఇదే నియమం.

ఆ తర్వాతి ఆదివారం స్టోర్ నుంచి నేరుగా కూరగాయలకని ఇండియన్ గ్రోసరీకి వెళ్లాను. నడుముకు తుపాకి ఉందన్న సంగతి అంతగా అలవాటైపోయిందో, లేక లోలోపల చూపించుకోవాలన్న సరదా ఉందో ఇప్పటికీ కచ్చితంగా చెప్పలేను. గోంగూర కట్టలు ఏరుతున్న ఒక పెద్దావిడ నా నడుము వైపు చూసి, చేతిలోని కట్టను మెల్లగా కింద పెట్టి, పక్కనున్న మనవడి చేయి పట్టుకుని పచ్చళ్ల అలమార వెనక్కు వెళ్లిపోయింది. దుకాణం నడిపే అక్క కౌంటర్ దాటి వచ్చి, "ఏం తమ్ముడూ, ఎక్కడైనా గొడవైందా?" అని అడిగింది. లేదన్నాను. "అయితే ఇట్లా లోపలికి రాకు. కారులో పెట్టి రా, నీ కూరగాయలు నేను తీసి ఉంచుతా" అంది. నేను తల వంచుకుని బయటికి వచ్చాను. తలుపు మీద ఎక్కడా తుపాకి తేవద్దన్న బోర్డు లేదు కదా అని మనసులో కొంచెం రోషం కూడా పడ్డాను.

ఆ రోషమే నన్ను చట్టం చదివించింది. హెచ్‌బీ 1927 అనే నంబరుతో వచ్చిన ఆ కొత్త చట్టం బిల్లు పాఠాన్ని, శిక్షాస్మృతిలో అది మార్చిన భాగాలను వారం రోజులపాటు రాత్రుళ్లు కౌంటర్ దగ్గర కూర్చుని చదివాను. లైసెన్సు అక్కర్లేదన్న మాట అందులో ఎంత తేలిగ్గా ఉందో, దాని చుట్టూ ఉన్న మినహాయింపులు అంత బరువుగా ఉన్నాయి. గత అయిదేళ్లలో కొట్లాటలో ఒకరిని గాయపరిచి శిక్ష పడినా, ప్రమాదకరంగా తుపాకి చూపించి శిక్ష పడినా ఈ వెసులుబాటు వర్తించదు. ఇంటి బయట, సొంత కారు బయట మత్తులో ఉండి పెట్టుకుంటే నేరం. బడులు, కోర్టులు, పోలింగ్ కేంద్రాలు, విమానాశ్రయంలో తనిఖీ దాటిన భాగం, ఆదాయంలో 51 శాతం లేదా అంతకంటే ఎక్కువ అక్కడే తాగే మద్యం మీద వచ్చే బార్లు, ఇలాంటి చోట్లకు తీసుకువెళితే రెండు నుంచి పదేళ్ల వరకు జైలు.

ఇక ప్రైవేటు స్థలాల సంగతి, తుపాకి తేవద్దని యజమాని పెట్టే బోర్డులతో నడుస్తుంది. వాటిని శిక్షాస్మృతి సెక్షన్ల నంబర్లతో పిలుస్తారు. 30.06 బోర్డు దాచిపెట్టుకున్న లైసెన్సుదారుకు, 30.07 బోర్డు కనిపించేలా పెట్టుకున్న లైసెన్సుదారుకు, 2021లో కొత్తగా వచ్చిన 30.05 బోర్డు లైసెన్సు లేనివాడికి. అక్షరాలు కనీసం అంగుళం ఎత్తు ఉండాలని, ఇంగ్లీషులోనూ స్పానిష్‌లోనూ రాయాలని కొలతలతో సహా నియమాలున్నాయి. బోర్డు చూడకుండా లోపలికి పోతే 200 డాలర్ల వరకు జరిమానాతో పోతుంది, కానీ యజమాని వెళ్లిపొమ్మని నోటితో చెప్పాక కూడా నిలబడితే ఏడాది వరకు జైలు, 4,000 డాలర్ల వరకు జరిమానా. బోర్డుకు ఇన్ని లెక్కలు పెట్టిన చట్టం, నోటిమాటకు ఏ లెక్కా పెట్టలేదు. గోంగూర ముందు ఆ అక్క తెలుగులో అన్న ఆ మాటే పూర్తి నోటీసన్నమాట.

నిజంగా నా గుండె జారింది మాత్రం ఫెడరల్ చట్టం దగ్గర. బడి ఆవరణకు 1,000 అడుగుల లోపు తుపాకి తీసుకుపోవడాన్ని నిషేధించే చట్టం ఒకటుంది, దాని కింద అయిదేళ్ల వరకు శిక్ష పడవచ్చు. మా స్టోర్‌కు ఎదురుగా, రోడ్డు దాటితే ఎలిమెంటరీ స్కూలు. ప్రైవేటు స్థలానికి మినహాయింపు ఉంది కాబట్టి కౌంటర్ దగ్గర నా నడుమున తుపాకి ఉన్నా ఫరవాలేదు, నా పార్కింగ్ లాట్‌లో ఉన్నా ఫరవాలేదు. కారు గేటు దాటి రోడ్డెక్కిన క్షణం నుంచి, ఆ బడి వెనకబడేదాకా, నేను నేరంలో ఉన్నట్టే. తూటాలు తీసేసి తాళం వేసిన పెట్టెలో పెడితే తప్పు లేదు. లేదా ఆ బడి ఉన్న రాష్ట్రమే ఇచ్చిన లైసెన్సు ఉండాలి. అంటే టెక్సాస్ అక్కర్లేదన్న లైసెన్సే, మా స్టోర్ ముందున్న పావు మైలు రోడ్డు మీద నాకు కావలసివచ్చింది. అప్పటికి మూడు వారాలుగా రోజుకు రెండుసార్లు నేను ఆ దారినే వెళ్తున్నాను. మర్నాడే ఒక తాళం పెట్టె కొని కారులో పెట్టాను. అదే రోజు లైసెన్సుకు దరఖాస్తు చేశాను.

రాష్ట్ర ప్రజాభద్రతా విభాగం వెబ్‌సైటులో దరఖాస్తు, 40 డాలర్ల రుసుము, గ్రీన్ కార్డు నకలు, ఆ తర్వాత వేలిముద్రలు. ఆ వేలిముద్రల దగ్గర నేను చిక్కుకుపోయాను. రోజంతా కూలర్లు, ఫ్లోర్ శుభ్రం చేసే ద్రావకాలతో నా వేళ్ల గీతలు అరిగిపోయాయట. యంత్రం మీద నాలుగుసార్లు నొక్కించి, సరిగ్గా పడలేదని తిప్పి పంపి, మళ్లీ తేదీ ఇవ్వడానికి రెండు వారాలు తీసుకున్నారు. ఊళ్లో రేషన్ షాపులో వేలిముద్ర పడక మా అమ్మ చీర కొంగుతో వేలు తుడుచుకుంటూ నిలబడడం గుర్తొచ్చింది. రెండోసారి వెళ్లే ముందు రెండు రోజులు చేతులకు కొబ్బరినూనె రాసుకుని, స్టోర్‌లో గ్లవ్స్ వేసుకుని పని చేశాను. ఈసారి పడ్డాయి.

క్లాసు ఒక శనివారం. నాలుగు నుంచి ఆరు గంటల పాఠం అని నియమం, మా బోధకుడు అయిదున్నర గంటలు చెప్పాడు. ప్రాణాంతక బలం ఎప్పుడు వాడవచ్చు, గొడవను మాటలతో ఎలా తగ్గించాలి, పదిహేడేళ్ల లోపు పిల్లల చేతికి అందేలా లోడ్ చేసిన తుపాకి వదిలేస్తే ఏమవుతుంది, ఇవన్నీ. రాష్ట్ర చరిత్ర కూడా చెప్పాడు. తుపాకులకు పేరుపడ్డ టెక్సాస్‌లో 1871 నుంచి శతాబ్దానికి పైగా పిస్టల్ పెట్టుకుని తిరగడం మీద నిషేధం ఉండేదని, 1991లో కిలీన్ పట్టణంలోని ఒక హోటల్లో ఒక దుండగుడు 23 మందిని కాల్చి చంపాక చర్చ మొదలై, 1995లో దాచిపెట్టుకునే లైసెన్సు చట్టం వచ్చిందని, లైసెన్సుతో కనిపించేలా పెట్టుకోవడానికి 2016 జనవరి 1 దాకా ఆగవలసివచ్చిందని నాకు అక్కడే తెలిసింది. పోలీసులు గుర్తింపు కార్డు అడిగినప్పుడు తుపాకి దగ్గరుంటే లైసెన్సు కూడా చూపించాలని, చేతులు స్టీరింగ్ మీదే ఉంచి ముందు నోటితో చెప్పమని అతను ప్రత్యేకంగా చెప్పాడు. ఒళ్లంతా కళ్లు చేసుకుని విన్న భాగం అది. నా రంగు, నా యాస ఎలాంటివో నాకు తెలుసు.

పాఠం అయ్యాక కాల్చే పరీక్ష. మూడు గజాల దూరం నుంచి 20, ఏడు గజాల నుంచి 20, పదిహేను గజాల నుంచి 10, మొత్తం యాభై తూటాలు. 250 మార్కులకు 175 వస్తే చాలు. ఏడు గజాల దగ్గర ఉండగా, వేడి ఖాళీ తూటా గొట్టం ఎగిరి నా చొక్కా కాలరులో పడింది. కాలిన చోట చేయి పెట్టుకోబోయి, తుపాకితో సహా పక్కకు తిరగబోయాను. బోధకుడు వెనక నుంచి నా భుజం గట్టిగా పట్టి, "ముందు తుపాకి బల్ల మీద పెట్టు, తర్వాత కాలనీ" అన్నాడు. మెడ మీద చిన్న బొబ్బ లేచింది. 221 మార్కులు వచ్చాయి. మా వరుసలో అందరూ పాసయ్యారు, కాబట్టి ఆ అంకె గురించి గొప్ప చెప్పుకోవలసింది లేదు.

క్లాసైన రాత్రి నాన్నకు ఫోను చేశాను. అన్నీ విని, "మరి ఎలక్షన్లప్పుడు ఏ స్టేషన్లో ఇచ్చి రావాల?" అని అడిగాడు. ఇవ్వనక్కర్లేదని, పోలింగ్ కేంద్రంలోకి మాత్రం తీసుకుపోకూడదని చెప్పాను. గ్రీన్ కార్డువాళ్లకు ఇక్కడ ఓటు లేదు గనుక నాకు అక్కడికి పోయే పనే లేదని కూడా చెప్పాను. ఆయన కాసేపు మాట్లాడలేదు. "ఓటు లేనోనికి తుపాకి ఇచ్చినారా?" అన్నాడు చివరికి. నా దగ్గర జవాబు లేదు.

పూర్తి కాగితాలు అందిన 60 రోజుల్లో తేల్చాలని నియమం ఉంది. నా కార్డు ఏడో వారంలో పోస్టులో వచ్చింది. కార్డు వచ్చాక రెండు మార్పులు జరిగాయి. మొదటిది, 30.05 బోర్డు నాకు వర్తించడం మానేసింది. 30.06, 30.07 బోర్డులను మాత్రం చూసుకోవాలి. రెండోది, చట్టం కనిపించేలా పెట్టుకోనిస్తున్నా నేను చొక్కా కిందికి మార్చుకున్నాను. కౌంటర్ దగ్గర పాలు, బ్రెడ్డు కొనడానికి వచ్చిన బడి పిల్లల కళ్లు నా ముఖం మీద కాక నడుము మీద ఆగడం నాకు నచ్చలేదు. ఆ పచ్చళ్ల అలమార వెనక్కు వెళ్లిన పిల్లవాడు గుర్తొస్తాడు.

కార్డు వచ్చిన రాత్రి స్టోర్ మూసి, తాళం పెట్టెతో పని లేకుండా ఆ బడి ముందునుంచి మొదటిసారి కారు నడుపుకుంటూ వెళ్లాను. పెట్టెను మాత్రం కారులోంచి తీయలేదు. మా గుడి తలుపు మీద రెండు బోర్డులూ ఉన్నాయి, ప్రతి ఆదివారం పార్కింగ్ లాట్‌లో ఆ పెట్టె తాళం తీయవలసి వస్తుంది.