చిన్న బస్సులో బ్లూ మౌంటెన్స్: నా అనుభవం

ఆస్ట్రేలియాలో సిడ్నీ దగ్గరున్న బ్లూ మౌంటెన్స్ కొండలు చూడటానికి నిజానికి టూర్ అక్కర్లేదు. సిడ్నీ సెంట్రల్ స్టేషన్‌లో రైలెక్కితే రెండు గంటల్లో ఆ కొండల మీది ఊరు కటూంబాలో దిగొచ్చు. మా అల్లుడు కూడా అదే అన్నాడు. "అత్తయ్యా, రైలుకైతే చాలా చవక. నేను శనివారం తీసుకెళ్తాను" అని. కానీ నాకూ మా ఆయనకూ కొండలొక్కటే కాదు, కంగారూలు కావాలి. అవి కూడా బోనులో కాకుండా గడ్డిలో తిరుగుతుంటే చూడాలి. రైలు దిగి వాటిని వెతుక్కుంటూ పోయే ఓపిక మా మోకాళ్లకు లేదు. అందుకని అమ్మాయి వాళ్లు ఆఫీసులకు పోయే రోజు చూసి, మేమిద్దరం టూర్‌లో వెళ్లాలని తేల్చుకున్నాం.

టూర్ ఎంచుకోవడమే పెద్ద పని. బోలెడన్ని కంపెనీలు, అందరివీ అవే ఫొటోలు, అవే మాటలు. అమ్మాయి ఫోన్‌లో చదువుతుంటే ప్రశ్నలు నేను అడిగాను. బండిలో ఎంతమంది? పెద్ద బస్సైతే యాభైమంది దిగి, యాభైమంది ఎక్కేసరికే సగం రోజు పోతుంది. మేం ఎంచుకున్నది ఇరవైమంది పట్టే మినీ బస్సు. జంతువుల్ని పార్కులో చూపిస్తారా, అడవిలోనా? కొన్ని టూర్లలో "వైల్డ్‌లైఫ్" అంటే పార్కు ఒక్కటే. మాకు రెండూ ఉన్నది దొరికింది. ఇక టికెట్లు. చెప్పిన ధరలో పార్కు ప్రవేశం ఉంది గానీ, కటూంబాలో లోయలోకి తీసుకెళ్లే సీనిక్ వరల్డ్ రైలుకూ కేబుల్ కారుకూ టికెట్లు విడిగా కొనుక్కోవాలి. ఈ ముక్క చిన్న అక్షరాల్లో అట్టడుగున ఉంటుంది. బుక్ చేసేవాళ్లు కిందిదాకా చదవండి. మెట్లు ఎన్ని ఎక్కాలో కూడా ముందే మెసేజ్ పెట్టి అడిగాం. "ఎక్కలేనివాళ్లు పైనే ఉండి చూడొచ్చు, ఎవరికీ బలవంతం లేదు" అని జవాబొచ్చాకే డబ్బు కట్టాం.

ఒక్కటి మాత్రం చిరాకు తెప్పించింది. మా అమ్మాయి ఇల్లు సిడ్నీకి పడమటివైపు, వెంట్‌వర్త్‌విల్‌లో. కొండలూ అటే. అయినా పికప్ సిడ్నీ నగరం మధ్యలోనే అన్నారు. తెల్లవారకముందే చలిలో లేచి, రైల్లో తూర్పుకు పోయి, అక్కడ బస్సెక్కి, ఎమ్4 రోడ్డు మీద మళ్లీ మా ఇంటి చుట్టుపక్కల నుంచే వెనక్కి వచ్చాం. "ఇక్కడే చెయ్యెత్తితే ఆపేవాళ్లు కాదూ" అని మా ఆయన దారంతా గొణిగారు.

అది జూన్ నెల. మనకు రోహిణి కార్తె ఎండలు అప్పుడప్పుడే వదిలే రోజులు. అక్కడేమో చలికాలం మొదలు. కటూంబా వెయ్యి మీటర్ల పైచిలుకు ఎత్తున ఉంది, సిడ్నీ కంటే బాగా చల్లగా ఉంటుంది. స్వెట్టర్ మీద జాకెట్, తలకు మఫ్లర్, అన్నీ వేసుకునే బయల్దేరాం. అవన్నీ పనికొచ్చాయి.

బస్సు నడిపేదీ విషయాలు చెప్పేదీ ఒకరే. యాభై దాటిన ఆవిడ, చెవికి మైకు తగిలించుకుని స్టీరింగ్ తిప్పుతూనే మాట్లాడేది. ముందుగా ఆ నేల అసలు యజమానులైన ఆదివాసీలను, డారుగ్, గుండుంగుర్రా జనాలను, గౌరవంగా తలుచుకుంది. తర్వాత ఒక్కొక్కర్నీ పేరు పెట్టి పలకరించింది. మా ఆయన్ని ఊళ్లో అందరూ మాస్టారనే పిలుస్తారు. పరాయి ఆడమనిషి నోట తన పేరు ఒట్టిగా వినేసరికి ఆయన ఉలిక్కిపడి, అటెండెన్స్‌కి పలికినట్టు "యెస్" అన్నారు. ఆవిడ ఇంగ్లిష్ యాస మాకు మొదట్లో సగమే అర్థమైంది. ముందు సీట్లో కూర్చోబట్టి సరిపోయింది. మీరు వెళ్తే వెనక సీటుకు పోకండి.

ఎర్ర లైటు దగ్గర బస్సాగినప్పుడు ఆవిడ కొన్ని చిల్లర నాణేలు వెనక్కి అందించింది. ఐదు సెంట్ల మీద ఎకిడ్నా అనే ముళ్ల జంతువు, పది సెంట్ల మీద లైర్‌బర్డ్ అనే పిట్ట, ఇరవై మీద బాతు ముక్కున్న ప్లాటిపస్, యాభై మీద రాజముద్రలో కంగారూ, ఈమూ. "వీటిలో ఎన్ని కనిపిస్తాయో చూద్దాం" అంది. మా ఆయన జీవశాస్త్రం టీచరుగా రిటైరయ్యారు. ఇక చూడండి, ఆ నాణేలు పట్టుకుని కూర్చున్నారు.

మొదట ఆగింది గ్లెన్‌బ్రూక్ పక్కనున్న యురోకా అనే చోట. నేషనల్ పార్కులో చెట్ల మధ్య పెద్ద గడ్డి మైదానం. ఇంత పొద్దున్నే లాక్కొచ్చింది ఎందుకో అక్కడ తెలిసింది. కంగారూలు తెల్లవారుజామునా సాయంత్రమూ మేస్తాయి, ఎండెక్కితే నీడకు పోయి పడుకుంటాయి. పది దాటాక వచ్చే పెద్ద బస్సులకు అవి కనిపించడం కష్టం. గైడు ఇంజను ఆపి, దిగకముందే నియమాలు చెప్పింది. గట్టిగా మాట్లాడొద్దు. తల్లికీ పిల్లకీ మధ్యలోకి వెళ్లొద్దు. పెద్ద మగ కంగారూ నిటారుగా లేచి నిలబడి చూస్తోందంటే మనం ఇక వెనక్కి రావాలి. తిండి అసలు పెట్టొద్దు. రొట్టె ముక్కలు, బిస్కెట్లు తింటే వాటి దవడలకు జబ్బు చేస్తుందట. ఒకాయన చేతిలో బిస్కెట్ ప్యాకెట్ ఉంటే నవ్వుతూనే బ్యాగులో పెట్టించింది.

గడ్డి మీద మంచు ఇంకా తెల్లగానే ఉంది. ముందు నాకేమీ కనిపించలేదు. బూడిద రంగు మొద్దులనుకున్నవి చెవులు తిప్పాక తెలిసింది, అవే కంగారూలని. ఈస్టర్న్ గ్రే అనే రకం. మాకు దగ్గర్లో ఒక తల్లి మేస్తోంది. అది మేసేటప్పుడు గెంతదు. ముందుకాళ్లూ తోకా నేలకు ఆన్చి, వెనక్కాళ్లు రెండూ ఒక్కసారే ముందుకు లాక్కుంటుంది. తోక ఐదో కాలులా పనిచేస్తుంది. దాని సంచిలోంచి రెండు పొడుగు కాళ్లు బయటికి పొడుచుకొచ్చి ఉన్నాయి. పిల్ల తలకిందులుగా దూరిందన్నమాట. కాసేపటికి లోపలే గిరగిరా తిరిగి తల బయటపెట్టి, తల్లి మేస్తున్న చోటే తనూ రెండు పరకలు కొరికింది. ఫోన్ తీయాలని కూడా తోచలేదు నాకు.

అక్కణ్నుంచి పైకి. కొండలంటే ఘాట్ రోడ్డుంటుందని వాంతుల మాత్ర దగ్గర పెట్టుకున్నాను గానీ దాని అవసరం రాలేదు. గ్రేట్ వెస్టర్న్ హైవే గట్టు వెంబడి మెల్లగా ఎక్కుతూ పోతుంది. గైడు చెప్పింది, ఇది నిజానికి ఇసుకరాతి పీఠభూమి, లక్షల ఏళ్ల తరబడి నదులు కోసేస్తే లోయలు ఏర్పడ్డాయని. 1813లో బ్లాక్స్‌లాండ్, లాసన్, వెంట్‌వర్త్ అనే ముగ్గురు తెల్లవాళ్లు గట్ల మీదుగా నడిచే దీన్ని దాటారు. దారిలో ఆ పేర్లతోనే ఊళ్లు వస్తాయి. ఆదివాసీలకు ఆ దారులు వేల ఏళ్లుగా తెలిసినవేనని కూడా ఆవిడే అంది.

ఒకచోట బస్సాపి చెట్లు చూపించింది. 2019-20లో వచ్చిన కార్చిచ్చుల్లో ఇక్కడి వారసత్వ ప్రాంతంలో చాలా భాగం కాలిపోయింది. ఈ అడవికి 2000లో యునెస్కో గుర్తింపు వచ్చింది, విస్తీర్ణం పది లక్షల హెక్టార్ల పైనే. కాండాలు ఇప్పటికీ బొగ్గులానే ఉన్నాయి, కానీ ఆ నల్లటి బెరడు పగుళ్లలోంచే గుబురుగా చిగుళ్లు వచ్చి కొమ్మలైపోయాయి. యూకలిప్టస్‌కు బెరడు కింద మొగ్గలు దాగి ఉంటాయట, నిప్పు తగిలాక లేస్తాయట. మా ఊరి చుట్టూ జామాయిల్ తోటలే. నరికిన మోడు మళ్లీ చిగురించడం చూశాను గానీ, ఇలా నిలువునా కాలిన మాను లేచి నిలబడటం చూడలేదు. ఈ చెట్ల నూనె ఆవిరి గాల్లో కలవడం వల్లే దూరం నుంచి కొండలకు ఆ నీలి రంగంటారు.

ఆ నీలి రంగు చూద్దామని కటూంబాలో లోయ అంచునున్న ఎకో పాయింట్‌కు వెళ్తే ఏముంది, తెల్లటి గోడ. పొగమంచు. త్రీ సిస్టర్స్ అనే మూడు రాతి శిఖరాలు, 922, 918, 906 మీటర్ల ఎత్తున్నవి, సరిగ్గా మా ముందే ఉన్నాయట. రెయిలింగ్ అవతల చెయ్యి చాస్తే చెయ్యి కూడా సరిగా కనిపించలేదు. మా పక్కనే ఒక పెద్ద బస్సు వాళ్లు వచ్చి, మంచుతోనే సెల్ఫీలు దిగి, టైమైపోయిందని వెళ్లిపోయారు. మా గైడు వాచీ చూసుకుని అందరినీ అడిగింది. "తర్వాత లూరా ఊళ్లో షాపింగ్‌కు టైముంది. అది మానేసి ఇక్కడే ఆగుదామా?" షాపింగ్ వద్దన్నవాళ్లే ఎక్కువ. చిన్న గ్రూపుకు డబ్బెక్కువ పెట్టడం ఎందుకని అడిగేవాళ్లకు నేను చెప్పేది ఇదే. ఇరవైమందిలోపు ఉంటే నిలబడి మాట్లాడుకుని ప్లాన్ మార్చుకోవచ్చు.

టీ తాగుతూ నిలబడ్డాం. మీహ్ని, విమ్లా, గున్నెడూ అనే అక్కాచెల్లెళ్లు రాళ్లైపోయారని చెప్పుకునే కథ ఆవిడ చెప్పింది. కథ ముగిసేలోపే గాలి తిరిగింది. మొదట లోయ అడుగున అడవి కనిపించింది, తర్వాత ఒక శిఖరం, ఆ వెనక రెండు. జామిసన్ లోయ అవతల మౌంట్ సాలిటరీ ఒంటరిగా నిలబడి ఉంది. ఫొటోల్లో అర్థం కానిది లోతు. శిఖరాల వంక కాసేపు చూసినా, కళ్లు మళ్లీ కిందికే పోయాయి. మంచు మళ్లీ మూసేసేదాకా ఎవరూ కదల్లేదు.

మధ్యాహ్నం భోజనం గురించి పెద్దగా చెప్పుకోవడానికేం లేదు. హోటల్లో వెజిటేరియన్ అంటే "చేప పర్వాలేదా" అని అడిగారు. అమ్మాయి కట్టిచ్చిన పులిహోర బయట బల్ల మీద విప్పితే తెల్లటి కాకటూ చిలుక ఒకటి పసుపు జుట్టు విప్పుకుని ఎదురుగా వాలింది. డబ్బా మూత పెట్టి, మళ్లీ తీసి, మళ్లీ పెట్టి, అలాగే తిన్నాం.

సీనిక్ రైలు ఎక్కాలా వద్దా అని నేను చాలా తటపటాయించాను. ఒకప్పుడు బొగ్గు గనుల కోసం వేసిన పట్టాలవి. 52 డిగ్రీల వాలు. ప్రయాణికుల రైళ్లలో ఇంత నిటారుది ప్రపంచంలోనే లేదంటారు. టెన్షన్ పడినంతసేపు కూడా పట్టలేదు, కొన్ని నిమిషాల్లో లోయలో ఉన్నాం. కింద చెక్కల దారి చదునుగా ఉంది, మోకాళ్లకు ఇబ్బంది లేదు. పైకి కేబుల్ కారులో వచ్చేయొచ్చు కాబట్టి మెట్ల గొడవే లేదు. ఆ దారిలో ఒకచోట రకరకాల పిట్టలు ఒకేసారి కూస్తున్నట్టు వినిపించింది. అన్నీ ఒక్క లైర్‌బర్డే! ఇతర పక్షుల కూతలన్నీ అనుకరిస్తుంది, చలికాలమే దాని జత కట్టే కాలం కాబట్టి బాగా పాడుతుంది. పిట్ట కనిపించలేదు. మా ఆయన మాత్రం పది సెంట్ల నాణెం కుడి జేబులో వేసుకున్నారు, వింటే చూసినట్టే లెక్కట.

తిరుగు ప్రయాణంలో వైల్డ్‌లైఫ్ పార్కు. ఇక్కడ గైడు కోవాలా గురించి ముందే చెప్పేసింది, ఎత్తుకోవడం కుదరదని. న్యూ సౌత్ వేల్స్ రాష్ట్రంలో సందర్శకులు కోవాలాను ఎత్తుకోకూడదని నిబంధన. పక్కన నిలబడి ఫొటో దిగొచ్చు, అంతే. పక్క రాష్ట్రం క్వీన్స్‌లాండ్‌లో కోవాలాను ఎత్తుకున్నవాళ్ల ఫొటోలు చూసి వచ్చిన ఒక జంట మొహం మాడ్చుకున్నారు. నాకైతే అదే నయమనిపించింది. రోజుకు ఇరవై గంటల దాకా నిద్రపోయే ప్రాణి, సత్తువ లేని ఆకు తిని బతికేది. 2022లో ఆ రాష్ట్రంలో దాన్ని అంతరించే ప్రమాదమున్న జాబితాలో చేర్చారు. దాన్ని చేతులు మార్చి ఆడించడం ఎందుకు?

మా ఆయన కోవాలా దగ్గర ఆగనే లేదు. ఎకిడ్నా దగ్గర దొరికారు. గుడ్లు పెట్టే క్షీరదాలు ఏవి అన్న బిట్టు ప్రశ్న సర్వీసంతా ఇచ్చారాయన, జవాబు రాయనివాళ్ల చెవులు మెలిపెట్టారు. ఇన్నాళ్లకు ఆ జవాబు ఎదురుగా మట్టిలో తిరుగుతోంది. మనిషి పూర్తిగా వంగిపోయి, "చూడవే, వెనక్కాళ్లు వెనక్కి తిరిగున్నాయి!" అన్నారు. నిజమే, పాదాలు తప్పు దిక్కుకు అతికించినట్టున్నాయి. అలా ఉండటం వల్లే నిలువుగా నేలలోకి తవ్వుకుపోగలదట. ముళ్ల మధ్య సన్నటి బొచ్చు కూడా ఉంది. పార్కు మూసేస్తారని గైడు వచ్చి పిలిస్తే గానీ కదల్లేదు. ఇరవై సెంట్ల మీది ప్లాటిపస్ మాత్రం చూడలేకపోయాం.

చివర్లో ఒలింపిక్ పార్క్ రేవు దగ్గర దింపితే, ఫెర్రీలో హార్బర్ బ్రిడ్జి కింద నుంచి నగరంలోకి వచ్చాం. మేం ఇంటికి పోవాలంటే అది మళ్లీ వ్యతిరేక దిక్కే. చీకట్లో రైలెక్కి ఇంటికి చేరేసరికి నడుములు పడిపోయాయి. చిన్నపిల్లలున్నవాళ్లూ అంతసేపు కూర్చోలేనివాళ్లూ ఇది గుర్తుపెట్టుకోండి.

అల్లుడు శనివారం రైల్లో మళ్లీ కటూంబా పోదామా అంటున్నాడు. సరేనన్నాం, లోయ ఎండలో చూడాలి. కంగారూల కోసమైతే రైలు పనికిరాదు, గ్లెన్‌బ్రూక్ స్టేషన్ నుంచి యురోకాకు చాలా దూరం నడవాలి. కారులో తీసుకెళ్తానంటే పొద్దున్నే అక్కడుండాలని షరతు పెట్టాను. శనివారం అంత పొద్దున్న అతను లేస్తాడని మా అమ్మాయికి నమ్మకం లేదు.