సందు మాకు రాలేదు

కోర్టు డిక్రీ అమలు చేయించే అమీనాగారు టేపు కొన నా చేతికిచ్చి తూర్పు గోడ దగ్గర నిలబడమన్నారు. రెండో కొన పట్టుకుని పడమటికి నడిచి, 42 అడుగుల దగ్గర ఆగి, "ఇంతేనమ్మా" అని టేపు చుట్టేశారు. ఇంకో నాలుగడుగులు వేస్తే నుయ్యి ఉన్న సందు. మా అమ్మ ఆ నూతి గట్టు మీదే ఏళ్ల తరబడి బట్టలుతికింది. ఆ సందు డిక్రీ షెడ్యూలులో, అంటే డిక్రీలో రాసిన ఆస్తి హద్దుల వివరంలో, లేదు.

గుంటూరు కొత్తపేటలో ఆ ఇల్లు నాన్నగారు రిజిస్టరు కాగితంతో కొన్నారు. ఉండమని పెదనాన్నగారి అబ్బాయికి ఇచ్చారు. అన్నయ్య ఖాళీ చేయలేదు. హక్కు మాదని ప్రకటించి స్వాధీనం ఇప్పించమని దావా వేస్తే 2014లో డిక్రీ వచ్చింది, 2018లో వాళ్ల అప్పీలు పోయింది. నాన్నగారు అక్కడిదాకానే చూశారు.

2019లో ఈ.పీ., అంటే డిక్రీ అమలు చేయించమనే పిటిషన్, వేశాం. ఇక తాళం తీయడమే అనుకున్నాను. అన్నయ్య తరపున సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 47 కింద పిటిషన్ పడింది: నాన్నగారి దస్తావేజే బూటకం, కాబట్టి డిక్రీ చెల్లదని. ఆ సంగతి దావాలో రెండు కోర్టులు తేల్చేశాయి కదా, మళ్లీ మొదటికొస్తుందా అని నాకు నిద్ర పట్టేది కాదు. మా లాయరుగారు ఓపిగ్గా చెప్పారు. అమలు చేసే కోర్టు డిక్రీ వెనక్కి వెళ్లి, అది తప్పా ఒప్పా అని చూడకూడదట. ఆ కేసు వినే అధికారమే కోర్టుకి లేదని రికార్డులోనే కనబడితే తప్ప. సుప్రీంకోర్టు ఈ మాట 1970లోనే స్పష్టంగా చెప్పింది.

పిటిషన్ కొట్టేశారు. వాళ్లు హైకోర్టుకి సి.ఆర్.పి., అంటే సివిల్ రివిజన్ పిటిషన్, వేసి స్టే తెచ్చారు. ఈ.పీ.లు ఆరు నెలల్లో తేల్చాలని సుప్రీంకోర్టు 2021లో చెప్పింది. మాకు మూడేళ్లు పట్టింది.

వాయిదా ఉన్న రోజు తాడికొండ, తుళ్లూరు మీదుగా నేలపాడులోని హైకోర్టుకి వెళ్లి వెనక బెంచీలో కూర్చున్నాను. వాళ్ల లాయరు దస్తావేజు మీద సాక్షి సంతకం గురించి మొదలుపెట్టగానే జడ్జిగారు ఆపారు. రాజ్యాంగం 227వ అధికరణ కింద హైకోర్టు కింది కోర్టు తన హద్దుల్లో ఉందో లేదో చూస్తుంది, సాక్ష్యాన్ని మళ్లీ తూచదు, ఇది అప్పీలు కాదు అని. సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 115 కింద రివిజన్‌ని కూడా 2002 జులై నుంచి బాగా కుదించారని లాయరుగారు బయటికొచ్చాక చెప్పారు. సి.ఆర్.పి. పోయింది. ఆ హద్దు వల్లే నాన్నగారి డిక్రీ నిలబడింది. బస్సులో ఏడ్చాను.

ఆ తర్వాతే ఈ టేపు కొలత. సందు కూడా ఇప్పించమని అదే కోర్టులో అడిగాం. టైపు పొరపాటైతే సెక్షన్ 152 కింద దిద్దించుకోవచ్చు. కానీ మా దావా షెడ్యూలులోనే పడమటి హద్దు సందు దగ్గర ఆగిపోయింది. నాన్నగారు చెప్పి రాయించిన హద్దు అది, అడగడం మరిచిపోయారు. డిక్రీలో లేనిది అమలులో ఇవ్వలేనని కోర్టు అంది. హైకోర్టుకి వెళ్దామన్నాను. "అమ్మా, మొన్న వాళ్లకి చెప్పిందే రేపు మనకీ చెప్తారు" అన్నారు లాయరుగారు. అయినా పట్టుబట్టాను. పూర్తి విచారణకి తీసుకోకుండా అడ్మిషన్ దశలోనే పోయింది. కొత్త దావా వేద్దామన్నా, మొదటి దావాలోనే అడగాల్సినది వదిలేస్తే మళ్లీ అడగనివ్వదు ఆర్డర్ 2 రూల్ 2, అదీ కష్టమేనన్నారు.

కోపం వచ్చింది, దాచుకోను. కానీ వాళ్ల పిటిషన్‌లో మమ్మల్ని కాపాడిన గీత మా పిటిషన్‌లో చెరిగిపోవాలని కోరడం తప్పు. నా కోసం ఆ కోర్టు డిక్రీకి నాలుగడుగులు కలపగలిగితే, అన్నయ్య కోసం ఇల్లంతా తీసేయగలదు. దావా వేసేవాళ్లకి నేను చెప్పగలిగింది ఒకటే: షెడ్యూలు రాయించే రోజు టేపు పట్టుకుని స్థలం చుట్టూ మీరే నడవండి. సందు, నుయ్యి, మెట్లు, గోడ మందం, అన్నీ.

వెనక తలుపుకి ఇటువైపు గొళ్లెం నేను బిగించాను, అటువైపు వదినగారు బిగించుకున్నారు. పొద్దున్నే నూతిలో చేద పడిన చప్పుడు వంటింట్లోకి వినబడుతుంది.