సంపెంగ మొక్కకు ఏడేళ్ళు పోయించిన వైనం: నా అనుభవం

మా అమ్మకు 88 ఏళ్ళు. 2014 అక్టోబర్ 12న వచ్చిన హుద్‌హుద్ తుపానుకు అడవివరంలోని మా పెరటి సంపెంగ కూకటివేళ్ళతో లేచిపోయింది. ఆనాటి నుంచి ఆమె సింహాద్రి అప్పన్నకు బజారు పూలు పంపుతూ, అవి మన చెట్టువి కావని ప్రతిసారీ ఆయనకు సంజాయిషీ చెప్పుకొంటూ వస్తోంది. రెండేళ్ళ కిందట గింజ వేసి ఒక మొక్కను లేపాను గాని, గింజ సంపెంగ పూతకు రావడానికి ఎనిమిది పదేళ్ళు పడుతుంది. అంటుమొక్క నాటి ఉంటే త్వరగా పూసేదని ఇప్పుడు చెప్పేవారందరూ అప్పుడు ఎక్కడున్నారో నాకు తెలియదు. అందుకే చందనోత్సవం లోపల ఆ మొక్కకు కాలదోహదం, అంటే పూతకు కావలసిన ఏడేళ్ళ కాలాన్ని ఒక్కసారిగా వేరుకు పోయించడం, చేయించాలని నిశ్చయించుకొన్నాను. మొన్న రాత్రితో ఆ పని ముగిసింది.

కాలదోహదం చేసే కార్యాలయంలో దరఖాస్తు, మొక్క ఫొటో, గుప్పెడు పెరటి మట్టి, రుసుము: ఇవన్నీ ఒక్క పూటలో అయిపోయాయి.

అసలు చిక్కు తరువాత వచ్చింది. మొక్కకు పోసే ఏళ్ళు గాలిలోంచి రావు. యయాతి పూరుడి యౌవనం పుచ్చుకొన్నట్లు ఒకరి ఆయుష్షు తీసుకోవడం ఇందులో లేదు. దరఖాస్తుదారు తన జీవితంలో వృథాగా పారేసుకొన్న కాలాన్నే కషాయంలా వడగట్టి వేరుకు పోస్తారు. అందుకోసం ‘వృథాకాల ప్రకటన’ అనే పత్రం నింపాలి. 34 ఏళ్ళు లెక్కల మాస్టారుగా పనిచేసి, ఒక్కనాడైనా రెండో గంట కొట్టాక బడి గేటు దాటని నేను ఆ గడిలో ‘శూన్యం’ అని రాసి, సంతకం చేసి ఇచ్చాను.

పాత పోస్టాఫీసు దాటాక ఒక సందులో ఉన్న ఆ కార్యాలయపు గుమస్తా దాన్ని వరుసలోని వారందరికీ వినబడేలా చదివి, “ఏటండి మాస్టారూ, తమరు ఏటీ పారేసుకోకపోతే మేం ఏటి పొయ్యాలండి?” అన్నాడు. జీతం తీసుకొనే మనిషి పౌరుడితో మాట్లాడే తీరు అదేనా అని అడగబోయి, వెనక ఉన్నవారు తోస్తూ ఉండడంతో ఊరుకొన్నాను.

రెండోసారి పకడ్బందీగా వెళ్ళాను. రెండు లీపు దినాలు కలుపుకొని ఏడేళ్ళకు 61,368 గంటలు లెక్కగట్టి, ఎన్ఏడీ కూడలిలో బస్సు కోసం నిలబడినవి, ఆసుపత్రుల్లో పిలుపు కోసం కూర్చొన్నవి పట్టిక వేశాను. అతడు పట్టికను తిప్పి కూడా చూడకుండా, అది ఇతరులు నా చేత వృథా చేయించిన కాలమని, అందులో సారం ఉండదని చెప్పి తిప్పి పంపాడు. ఆ మాట చెప్పడానికి నన్ను నాలుగు గంటలు నిలబెట్టాడు. బ్రహ్మలోకంలో పాట ముగిసేదాకా ఆగిన రైవతుడికి భూమి మీద 27 చతుర్యుగాలు గడిచిపోయాయంటారు గాని, ఆయనకు కనీసం పాటైనా వినిపించారు.

మూడోసారి నిజం రాశాను. దాన్ని వరుసలోని ఇద్దరు సాక్షుల ఎదుట పైకి చదవాలన్న నియమం అక్కడికి వెళ్ళాకే తెలిసింది. ఇంట్లో శిక్షణ తరగతులని చెప్పి, 22 వేసవుల పాటు, ఏటా 45 రోజులు, రోజుకు 12 గంటల చొప్పున భీమిలిలో ఒక మిత్రుడి మేడ మీద పేకాడాను. మొత్తం 11,880 గంటలు. మిగిలినది పెళ్ళివంటలకు వంకలు పెట్టడంలోనూ, అలిగి కూర్చోవడంలోనూ, రాసి పంపని ఫిర్యాదుల్లోనూ పోయింది. ముందున్న చేపల బుట్ట ముసలమ్మ, “ఓలమ్మో, పంతులుబాబు పేకాడీసినాడంట!” అని బుట్ట దించి మరీ నవ్వింది. అశోకం స్త్రీల కాలి తాపుకు, సంపెంగ వారి నవ్వుకు పూస్తాయని కవులు చెప్పిన దోహదక్రియలు నేనూ చదివినవాడినే. ఆ నవ్వు నా మీదుగా పోతుందని వారెవరూ రాయలేదు. రెండో సాక్షి నా పాత విద్యార్థి. తొమ్మిదో తరగతిలో సంచిలో పేకముక్కలు దొరికాయని అతణ్ణి మిట్టమధ్యాహ్నం జెండా స్తంభం దగ్గర నిలబెట్టాను. అతడు నవ్వలేదు, తన ఫైలులోని కాగితాలు లెక్కపెడుతూ తల వంచుకొన్నాడు, సంతకం చేసి కలం నాకు రెండు చేతులతో ఇచ్చాడు.

బయట టీ బడ్డీ దగ్గర దళారులు 500 రూపాయలకు తయారు జాబితాలు అమ్ముతారు. కొనకండి. అలా కొన్న జాబితాతో ఒకాయన పోయించిన జామమొక్క వెనక్కి నడిచి గింజలోకి వెళ్ళిపోయింది.

మరొక సంగతి: కాలం వారు పోస్తారు గాని నీళ్ళు మనమే పోయాలి, ఏడేళ్ళవీ ఒక్క రాత్రిలో. ఈ విషయం పత్రంలో ఎక్కడా లేదు. తొమ్మిదిన్నరకు ఇత్తడి చెంబుతో వచ్చిన మనిషి వేరు దగ్గర సన్నటి ధార వదిలి వెళ్ళిపోయాడు; నేను తెల్లవారేదాకా బోరు మోటారు ఆపలేదు, నాలుగు బస్తాల పశువుల ఎరువు వేశాను. టార్చి వెలుగులో చూస్తుండగా ప్రతి చిగురూ తన తొడుగును రాల్చుకొని ఆకై విచ్చుకొంటూ, రెమ్మ చుట్టూ ఉంగరంలాంటి గీతను మిగిల్చింది. ఒకదాని పైన ఒకటిగా అవి లేస్తుంటే నలభై వరకు లెక్కించి, తరువాత లెక్క తప్పాను. నా ఉద్యోగ జీవితంలో అది మొదటిసారి.

ఉదయం అమ్మ మొదటి పువ్వును ముక్కు దగ్గర చాలాసేపు పెట్టుకొని, “మనదేరా” అని చెంగున కట్టుకొంది. ఏడేళ్ళలో రాలవలసిన ఆకులన్నీ పెరట్లో మోకాలి లోతున పడి ఉన్నాయి. ఊడ్చి గోనె సంచుల్లో కట్టేసరికి మధ్యాహ్నమైంది, పదకొండు సంచులయ్యాయి. చెత్తబండి అబ్బాయి రెండే తీసుకెళ్ళాడు. మిగిలిన తొమ్మిదీ ఇంకా గోడ పక్కనే ఉన్నాయి.