ఉంబ్రీషియస్ కోపం ఎవరిది? జువెనల్ మూడో సెటైర్‌తో నా అనుభవం

ఇంగ్లండ్‌లో క్లాసిక్స్ ఎంఏ చేస్తున్నప్పుడు నా డిసర్టేషన్‌కి రోమన్ కవి జువెనల్ రాసిన మూడో సెటైర్ (లోకాన్ని ఎత్తిపొడిచే వ్యంగ్య పద్యం) ఎంచుకున్నాను. క్రీ.శ. రెండో శతాబ్దం తొలి ఏళ్ల నాటి లాటిన్ పద్యం, 322 పంక్తులు. ఉంబ్రీషియస్ అనే మనిషి రోమ్‌లో ఇక బతకలేనంటూ ఊరు విడిచిపోతుంటాడు. ఇంట్లో సామానంతా ఒకే బండికి ఎక్కిస్తుంటే, కపేనా ద్వారం దగ్గర స్నేహితుడితో తన కడుపులో ఉన్నదంతా వెళ్లగక్కుతాడు. మండిపోయే అద్దెలు, కూలడానికి సిద్ధంగా ఉన్న ఇళ్లు, అగ్నిప్రమాదాలు, రాత్రంతా బండ్ల మోత, డబ్బున్నవాడికే దక్కే మర్యాద. వీటన్నిటికీ మించి, ఎక్కడెక్కడి నుంచో వచ్చి రోమ్‌ని నింపేసిన గ్రీకులు, సిరియన్లు. తెనాలి నుంచి వచ్చి పరాయి ఊళ్లో అద్దె గదిలో ఉంటూ, వలస వచ్చినవాళ్ల మీద ఈ తిట్లన్నీ నేను చదువుతున్నాను. పద్యం అద్భుతంగా ఉంది. అందులో మాట్లాడుతున్న మనిషి నాలాంటివాళ్లని అసహ్యించుకుంటున్నాడు. ఈ రెండిటినీ కలిపి ఎలా చదవాలన్నదే నా డిసర్టేషన్ అయింది.

చేతిలో రెండు పుస్తకాలు ఎప్పుడూ ఉండేవి. ఒకటి లోబ్ సిరీస్‌లో సుసానా బ్రాండ్ 2004లో తెచ్చిన జువెనల్, పెర్సియస్‌ల సంపుటం, ఎడమ పేజీలో లాటిన్, కుడి పేజీలో ఇంగ్లిష్. రెండోది మొదటి ఐదు సెటైర్లకు ఆవిడే రాసిన 1996 నాటి వ్యాఖ్యానం. పంక్తిని ముందు నేనే విడదీసుకుని, కర్త ఏది, క్రియ ఏది, ఏ విశేషణం దేనికి చెందుతుంది అని పెన్సిల్‌తో గుర్తులు పెట్టుకున్నాకే ఇంగ్లిష్ వైపు చూసేవాణ్ని. మొదట్లో రోజుకి పది పంక్తులు నడిస్తే గొప్ప.

వ్యాకరణం చాలా కష్టపెట్టింది. ఛందస్సు దగ్గర మాత్రం మన చదువు అక్కరకొచ్చింది. హోరస్, పెర్సియస్, జువెనల్ ముగ్గురూ సెటైర్లను హెక్సామీటర్‌లో రాశారు. హోమర్, వర్జిల్ వీరగాథలకు వాడింది కూడా అదే. పాదానికి ఆరు గణాలు. మన లెక్కలో చెప్పాలంటే ఒక్కొక్కటి భగణమో, లేదంటే రెండు గురువులో అవుతుంది. ఐదోది దాదాపు ఎప్పుడూ భగణమే, ఆరో దాంట్లో రెండక్షరాలే ఉంటాయి. పొల్లు హల్లు వచ్చి కలిస్తే ముందున్న అక్షరం గురువైపోవడం మనకి తెలిసిందే కదా, ఇక్కడా అంతే. తేడా ఏమిటంటే, మాట చివరి హల్లు తర్వాతి మాట అచ్చుతో కలిసిపోతుంది. పద్యంలో అన్నిటికన్నా పేరుపడ్డ 62వ పంక్తిని చూడండి: ‘యాం ప్రీదెం సిరుస్ ఇన్ తిబెరిం దేఫ్లూక్సిత్ ఒరొంతేస్’. సిరియాలోని ఒరొంతిస్ నది ఎప్పుడో టైబర్‌లోకి వచ్చి కలిసిపోయింది అని దీని భావం. గణాలు వరసగా గగ, భ, భ, గగ, భ, గగ. నది పరుగెత్తే చోట లఘువులు పడ్డాయి. గట్టిగా చదివితే చెవికే తెలుస్తుంది.

వీరుల యుద్ధాలకు పెట్టింది పేరైన ఆ నడకలో అద్దెకొంపల బాధలు చెప్పడం జువెనల్ పద్ధతి. అగ్నిప్రమాదం ఘట్టంలో పక్కవాటాలో నీళ్లో అని అరుస్తూ సామాన్లు బయటికి మోసుకుపోయేవాడి పేరు ఉకాలెగాన్. వర్జిల్ ఈనీడ్ రెండో సర్గలో ట్రాయ్ తగలబడేటప్పుడు కథానాయకుడు ఈనియస్ కళ్లముందు అంటుకున్న ఇల్లు ఈ పేరు గలవాడిదే. అంటే రోమ్‌లో ఒక పాత బిల్డింగ్ కాలడాన్ని ట్రాయ్ పతనం పక్కన నిలబెట్టాడు. మూడో అంతస్తులో అప్పటికే పొగ వస్తోంది, నీకు తెలియదు. కింద గగ్గోలు మొదలైతే అందరికన్నా చివర కాలేది పావురాలు గుడ్లు పెట్టుకునే పెంకుల కింద ఉండేవాడే అంటాడు. పూర్వకవి మాట వెనక కవి ఎప్పుడు నిలబడ్డాడో గమనిస్తూ చదవడం పండితుల మార్గాల్లో ఒకటి. నాకు అన్నిటికన్నా ఇష్టమైంది అదే.

ఇక అసలు తగువు. ఈ కోపం ఎవరిది?

పాతకాలం వాళ్లు సందేహం లేకుండా కవిదే అనుకున్నారు. గిల్బర్ట్ హైయెట్ 1954లో జువెనల్ మీద రాసిన పెద్ద పుస్తకం ఆ దారికి చివరి మైలురాయి అనొచ్చు. పద్యాల్లోంచి ఒక్కో ముక్కా ఏరి కవి జీవితాన్ని కట్టాడు: పేదరికం, అవమానం, డొమిషియన్ చక్రవర్తి విధించిన ప్రవాస శిక్ష, చేదెక్కిన మనసు. చదవడానికి నవలలా సాగిపోతుంది. కానీ కింద పునాది చూస్తే బలహీనం. పాత జీవితచరిత్రలు ప్రవాసం గురించి చెప్పే కథలు ఒకదానితో ఒకటి పొసగవు. ఇటలీలోని అక్వీనం అనే ఊళ్లో జువెనల్ ఇంటిపేరు ఉన్న శాసనం ఒకటి దొరికింది గానీ అది ఈ జువెనల్‌దేనా అన్నది తేలలేదు, ఆ రాయి కూడా తర్వాత పోయింది. పద్యాల్లో గట్టి తేదీలు చాలా తక్కువ. క్రీ.శ. 127లో కాన్సల్‌గా (రోమ్‌లో పెద్ద అధికార పదవి) ఉన్న జుంకస్ పేరు పదిహేనో సెటైర్‌లో రావడం అలాంటి ఒకటి.

తర్వాతి తరం దీన్ని తిరగేసింది. ఆల్విన్ కెర్నన్ 1959లో, విలియం ఆండర్సన్ 1960లలో చెప్పిందేమిటంటే, ‘నేను’ అంటూ మాట్లాడేది కవి కాదు, కవి వేసిన వేషం. దాన్నే పర్సోనా అంటారు. కోపిష్టి మాట మీద నమ్మకం ఉంచకూడదని రోమన్ తత్వవేత్త సెనెకా కోపం గురించి రాసిన వ్యాసంలో వివరంగా చెప్పాడు. ఆ చదువు వంటబట్టిన రోమన్ శ్రోతలకు ఈ అరుపులు వింటే వక్త లోపాలే కనిపిస్తాయని ఆండర్సన్ వాదం. బ్రాండ్ 1988లో ఆ పద్ధతిని ఇంకా ముందుకు తీసుకెళ్లింది.

మా గైడ్ ప్రతి మీటింగ్‌లోనూ నన్ను ఒకే ప్రశ్న అడిగేవారు: అది ఏ పంక్తిలో ఉంది? సిద్ధాంతం నచ్చిందా లేదా అని ఎప్పుడూ అడగలేదు. ఆ ప్రశ్నకి జవాబు వెతకడం కోసం పద్యాన్ని మళ్లీ మొదటినుంచి చదివాను. అప్పుడు కొన్ని చోట్లు వాటంతట అవే బయటపడ్డాయి.

ఉంబ్రీషియస్ వెళ్తున్న ఊరు క్యూమే. గ్రీకుల్ని భరించలేక రోమ్ వదిలేవాడు పోతున్నది ఇటలీ గడ్డ మీద గ్రీకులు కట్టుకున్న తొలి ఊళ్లలో ఒకదానికి. అంతేకాదు, 25వ పంక్తిలో ఆ ఊరి పేరు నేరుగా చెప్పడు. అలసిన రెక్కల్ని డేడలస్ ఎక్కడ విప్పాడో అక్కడికి పోతున్నాం అంటాడు. డేడలస్ అంటే గ్రీకు పురాణాల్లో రెక్కలు కట్టుకుని ఎగిరిన శిల్పి, గ్రీకువాడు. మళ్లీ 78, 79, 80 పంక్తుల్లో గ్రీకుల్ని తిడుతూ, ఆకలితో ఉన్న గ్రీకువాణ్ని ఆకాశానికి ఎక్కమన్నా ఎక్కుతాడు, రెక్కలు కట్టుకున్నవాడు మూర్ కాదు, సార్మేషియన్ కాదు, థ్రేసియన్ కాదు, నడి ఏథెన్స్‌లో పుట్టినవాడే అంటాడు. తను ఏ మనిషి అడుగుజాడల్లో ఊరు విడిచిపోతున్నానన్నాడో, యాభై పంక్తులు దాటగానే అతన్నే చీదరించుకుంటున్నాడు. ఇది యాదృచ్ఛికం అనడానికి నాకు మనసొప్పలేదు.

92, 93 పంక్తులు అంతకన్నా బలమైనవి. నాకు అబద్ధం చెప్పడం రాదు, రోమ్‌లో నేనేం చేయాలి అని 41వ పంక్తిలో బాధపడ్డ మనిషి, గ్రీకుల పొగడ్తల గురించి మాట్లాడుతూ ఇక్కడ అంటాడు: ఇలా పొగడటం మాకూ చేతనవును, కానీ జనం నమ్మేది వాళ్లని. అంటే బాధ నిజాయితీ గురించి కాదు. పెద్దింటి గుమ్మం దగ్గర తన చోటు ఇంకొకడు లాక్కున్నాడని బాధ. నేను ఇక్కడ పార్ట్‌టైమ్ పనులు వెతుక్కునేటప్పుడు, వచ్చినవాళ్లంతా మా పనులు పట్టుకుపోతున్నారు అనే మాట చాలాసార్లు విన్నాను. ఆ మాట లోపల ఏముంటుందో ఈ రెండు పంక్తులు చెప్పినంత స్పష్టంగా నాకు ఇంకెక్కడా దొరకలేదు.

ఇంతవరకూ పర్సోనా సిద్ధాంతం చక్కగా పనిచేసింది. అది చాలదని నాకు అనిపించింది 257వ పంక్తి దగ్గర్నుంచి వచ్చే ఘట్టంలో. లిగూరియా చలువరాళ్లు మోసే బండి ఇరుసు విరిగి, ఆ కొండంత బరువు జనం మీద పడుతుంది. శవం కూడా మిగలదు. ఇంట్లో ఆ సంగతి తెలియదు. పనివాళ్లు గిన్నెలు కడుగుతున్నారు, బుగ్గలు పూరించి నిప్పు ఊదుతున్నారు, స్నానానికి నూనె, తువ్వాళ్లు సిద్ధం చేస్తున్నారు. ఆ చచ్చిపోయినవాడేమో అప్పటికే, చనిపోయినవాళ్లు దాటాల్సిన స్టిక్స్ నది ఒడ్డున కొత్తగా వచ్చినవాడిలా కూర్చుని, పడవవాణ్ని చూసి వణుకుతున్నాడు. దాటించడానికి ఇవ్వాల్సిన నాణెం నోట్లో లేదు. శరీరమే దొరక్కపోతే నాణెం ఎవరు పెడతారు? ఈ పంక్తులు చదువుతూ వక్త లోపాలు లెక్కపెట్టడం నాకు చేతకాలేదు. ఇక్కడ పద్యం పూర్తిగా ఆ చచ్చిపోయిన బీదవాడి పక్కనుంది, ఉంబ్రీషియస్ కూడా అక్కడే ఉన్నాడు.

అప్పుడు పర్సోనాని ప్రశ్నించినవాళ్లని చదివాను. ప్రాచీన పాఠకులు ‘నేను’ అన్న మాటని మామూలుగా కవి మాటగానే తీసుకునేవారని రోలాండ్ మేయర్ 2003లో వాదించాడు. అంతకుముందే, 1983లో, ఎమీ రిచ్‌లిన్ ఈ హాస్యం ఎవరిని బెదిరించడానికి పనికొస్తుందో చూడమంది. వేషం ఎవరు వేసినా తిట్టు తగిలేది తిట్టించుకున్నవాళ్లకే. ఆడవాళ్ల మీద రాసిన ఆరో సెటైర్ చదివినవాళ్లెవరికైనా ఆవిడ మాటలోని బరువు అర్థమవుతుంది. కవి అలా అనుకోలేదులే, పాత్ర చేత అనిపించాడంతే అని దులిపేసుకుంటే కవిని కాపాడినట్టవుతుందేమో గానీ, పద్యాన్ని చదివినట్టు కాదు. ఈ విషయంలో నా అభిప్రాయం ఇప్పటికీ అదే.

చరిత్రకారుల మార్గం గురించి పెద్దగా చెప్పను. జెరోమ్ కార్కొపినో 1939లో రోమన్ల దైనందిన జీవితం మీద రాసిన పుస్తకంలో జువెనల్‌ని సాక్షిలా బోనెక్కించాడు. కొన్ని వివరాలకు బయట ఆధారముంది: పగటిపూట చాలారకాల బండ్లని రోమ్ వీధుల్లోకి రానివ్వని చట్టం జూలియస్ సీజర్ కాలం నాటిది, అందుకే రాత్రి నిద్ర ఉండేది కాదు. అయినా అతిశయోక్తితో బతికే కవిత్వాన్ని జనాభా లెక్కల కాగితంలా వాడుకోకూడదు.

పాఠ పరిష్కరణ, అంటే రాతప్రతులు పోల్చి అసలు పాఠం తేల్చే పని, మీద ఒక అధ్యాయం రాయకపోయినా దాని కోసం చాలా చదివాను, ఎందుకంటే అందులో మంచి కథలున్నాయి. 1899లో విన్‌స్టెట్ అనే ఆక్స్‌ఫర్డ్ విద్యార్థి బోడ్లియన్ లైబ్రరీలోని ఒక రాతప్రతిలో ఆరో సెటైర్‌కి చెందిన 36 పంక్తులు కనిపెట్టాడు. మిగతా ఏ ప్రతిలోనూ అవి లేవు. అవి జువెనల్‌వేనా అని పెద్ద గొడవ. 1905లో ఇంగ్లిష్ కవి, లాటిన్ పండితుడు హౌస్మన్ తన జువెనల్ ప్రచురణ ముందుమాటలో, తొమ్మిదో శతాబ్దపు ఒకే ప్రతిని గుడ్డిగా నమ్మే సంపాదకులని ఏకిపారేశాడు. ఆ ముందుమాట చదివాక, నా ముందున్న అచ్చుపంక్తి వెనక ఎందరి తీర్పులున్నాయో గుర్తుపెట్టుకుని చదవడం అలవాటైంది.

రాయడం మొదలుపెట్టాక టెన్షన్ పెరిగింది. పండితుల పేర్లు వరసగా పేర్చి ఒకరు ఇలా అన్నారు, ఇంకొకరు అలా అన్నారు అని నింపడం సులువు. మా గైడ్ అలాంటి పేజీలన్నీ తీసేయించి, పంక్తి ముందు, పండితుడు తర్వాత అన్నారు. అందుకని అధ్యాయాలు సిద్ధాంతాల వారీగా కాకుండా పద్యం నడిచిన వరసలోనే పెట్టాను. క్యూమే, పొగడ్తల పోటీ, మంటలు, చలువరాళ్ల బండి, చివరి వీడ్కోలు. ఒక అధ్యాయం ఇంగ్లిష్ రచయిత శామ్యూల్ జాన్సన్‌కి ఇచ్చాను. 1738లో ఇదే పద్యాన్ని ఆయన లండన్‌కి మార్చి రాశాడు. గ్రీకుల స్థానంలో ఫ్రెంచివాళ్లు వచ్చారు, ఉంబ్రీషియస్ పేరు థేలిస్ అయింది, క్యూమేకి బదులు వేల్స్. తిట్టుకునే జనం పేరు మారిస్తే చాలు, పద్యం ఏ నగరానికైనా సరిపోతుందని అది చూస్తే అర్థమైంది. ఆ సులువు నన్ను భయపెట్టింది కూడా.

నేను తేల్చింది ఇది. కోపం ఉంబ్రీషియస్‌ది, దానికి గొంతు ఇచ్చినవాడు జువెనల్, ఆ కోపంలో న్యాయమైనదీ నీచమైనదీ ఒకే ఊపిరిలో వస్తాయి. వాటిని ఏ సిద్ధాంతమూ ముందుగా విడదీసి ఇవ్వదు, పంక్తి పంక్తికీ పాఠకుడే విడదీసుకోవాలి. దీనికి ఆధారం పద్యంలోనే ఉంది. మొదటి 20 పంక్తులు స్నేహితుడివి. వెళ్లడం మంచిదే అని ఉంబ్రీషియస్‌ని మెచ్చుకుంటాడు, తను మాత్రం రోమ్‌లోనే ఉండిపోతాడు. చివర్లో పొద్దు వాలి, బండివాడు కొరడా ఊపి తొందర చేస్తుంటే, నువ్వు నీ అక్వీనంకి వచ్చినప్పుడు కబురు పెట్టు, నీ సెటైర్లు వినడానికి బూట్లు వేసుకుని ఆ చల్లని పొలాలకి వస్తాను అని ఉంబ్రీషియస్ వీడ్కోలు చెప్తాడు. అంతసేపూ మాట్లాడినవాడు శ్రోతగా మారతానంటున్నాడు, విన్నవాడే కవి. ఎగ్జామినర్ల రిపోర్టులో ఈ భాగాన్ని ప్రత్యేకంగా మెచ్చుకున్నారు.

ఇప్పుడు పెర్సియస్ మొదలుపెట్టాను. ఆరే సెటైర్లు, మొత్తం సుమారు 650 పంక్తులు, కవి క్రీ.శ. 62లో ఇరవయ్యెనిమిదేళ్లు నిండకుండానే పోయాడు. జువెనల్ కన్నా చాలా కఠినం. ఎవరు మాట్లాడుతున్నారో, ఎక్కడ గొంతు మారిందో గుర్తు పట్టడానికే సంపాదకులు తలలు బద్దలు కొట్టుకుంటున్నారు. ఈ దారిలోకి కొత్తగా వచ్చేవాళ్లు మాత్రం ఇక్కడ మొదలుపెట్టకండి. హోరస్ మొదటి పుస్తకంలో తొమ్మిదోది తీసుకోండి. వయా సాక్రా వీధిలో కవిని పట్టుకుని వదలని మనిషి కథ, 78 పంక్తులు. లాటిన్ ఏమీ రాకపోయినా మంచి అనువాదంలో ఒక సాయంత్రంలో అయిపోతుంది.