ప్రచార చిత్రంలో కనిపించని కాలువ

పెట్టుబడిదారుల సదస్సుల కోసం తీసే చిన్న చిత్రాలకు వ్యాఖ్యానం రాయడం నా వృత్తి. అందువల్ల 2014 సెప్టెంబరు 25న ఢిల్లీ విజ్ఞాన్ భవన్‌లో మొదలైన 'మేక్ ఇన్ ఇండియా' ప్రచారాన్ని ఈనాటికీ వృత్తిపరమైన అసూయతోనే చూస్తాను. పళ్లచక్రాలతో కూర్చిన ఆ సింహం చిహ్నం ఒక్కసారి చూస్తే మరచిపోలేనిది. మరుసటి ఏడాది జర్మనీలోని హానోవర్ పారిశ్రామిక ప్రదర్శనలో మన దేశం భాగస్వామిగా పాల్గొన్నప్పుడు ఆ నగరంలో ఎక్కడ చూసినా అదే కనిపించింది. అయితే 2022 నాటికి దేశ ఆదాయంలో తయారీ రంగం వాటాను 25 శాతానికి పెంచాలన్న లక్ష్యం మాత్రం నెరవేరలేదు. గడువు దాటాక కూడా ఆ వాటా 20 శాతానికి చేరలేదు.

ఈ చిత్రాలన్నీ దాదాపు ఒకే మూసలో ఉంటాయి: డ్రోన్ నుంచి తీసిన వంతెన, మెట్రో రైలు, వెల్డింగ్ నిప్పురవ్వలు, ల్యాప్‌టాప్ ముందు నవ్వే యువతి, చివర జెండా. డబ్బు పెట్టదలచినవాడు అడిగేవి వేరు. నీళ్లు ఎక్కడి నుంచి వస్తాయి, కరెంటు ఎన్ని గంటలు ఉంటుంది, భూమి మీద కోర్టు కేసులేమైనా ఉన్నాయా అన్నదే అతని ఆరా.

కియా కార్ల కర్మాగారాన్నే తీసుకోండి. దేశంలోనే అతి తక్కువ వర్షం పడే జిల్లాల్లో ఒకటైన అప్పటి అనంతపురం జిల్లాలో, పెనుకొండ దగ్గర ఎర్రమంచిలో, ఏడాదికి 3 లక్షల కార్లు తయారుచేసే సామర్థ్యంతో 110 కోట్ల డాలర్ల కర్మాగారం పెట్టడానికి 2017 ఏప్రిల్‌లో ఒప్పందం కుదిరింది. 2019 ఆగస్టుకల్లా సెల్టోస్ కారు బయటికి వచ్చింది. శ్రీశైలం జలాశయం నుంచి ఎత్తిపోతల మీద ఎత్తిపోతలుగా హంద్రీ-నీవా కాలువలో పారి గొల్లపల్లి జలాశయం చేరే కృష్ణా నీళ్లు లేకపోతే అక్కడ ఆ పరిశ్రమను ఊహించడమే కష్టం. నా దృష్టిలో ఆ జలాశయం గట్టు మీద కెమెరా పెట్టి, నీటిమట్టం నుంచి మెల్లగా కర్మాగారం వైపు తిప్పితే చాలు, వ్యాఖ్యానం కూడా అక్కర్లేదు.

ఇలాంటి షాట్ ప్రతిపాదించినప్పుడు ఒక అధికారి, "కాలువలో చూపించడానికి ఏముందండీ, సముద్రం పెట్టండి" అన్నారు. సముద్రమే పెట్టాం. ఇప్పుడు రాస్తున్న మరో చిత్రంలో సబ్‌స్టేషన్‌కు పదిహేను సెకన్లు అడిగాను. బేరమాడి ఎనిమిది ఇచ్చారు.