ఆటలమ్మ తగ్గాక మొదలయ్యే వాంతులు

ఎండలు ముదిరే రోజుల్లో మా కోనసీమ ఊళ్లలో ఏదో ఒక ఇంటి గుమ్మానికి వేపమండలు కనిపిస్తూనే ఉంటాయి. ఆ ఇంట్లో పిల్లలకు ఆటలమ్మ పోసిందని అర్థం. పొక్కులు మాడి, వేపాకు నీళ్లు పోశాక గండం గడిచిందని అందరూ ఊపిరి పీల్చుకుంటారు. దాదాపు ఎప్పుడూ అది నిజమే. అయితే రేయ్ సిండ్రోమ్ అనే జబ్బు, ఎంత అరుదైనదైనా, సరిగ్గా ఇలా పిల్లలు కోలుకుంటున్న సమయంలోనే వస్తుంది.

సిడ్నీ పిల్లల ఆసుపత్రిలో పనిచేసిన డగ్లస్ రేయ్ 1963లో దీనిని వివరించారు. ఆటలమ్మ గానీ ఫ్లూ గానీ తగ్గుముఖం పట్టిన కొద్ది రోజులకు, కణాలకు శక్తినిచ్చే మైటోకాండ్రియా దెబ్బతిని, కాలేయంలో సన్నని కొవ్వు బిందువులు పేరుకుంటాయి. కాలేయం విరిచివేయవలసిన అమ్మోనియా రక్తంలో పెరిగిపోతుంది, మెదడు వాస్తుంది. కళ్లు పచ్చబడవు కనుక కాలేయం సంగతి ఎవరికీ తట్టదు. ఆగని వాంతులు, మగత, ఉన్నట్టుండి చిరాకు, పొంతనలేని మాటలు, ఆపైన మూర్ఛ, కోమా. మన ఇళ్లలో మొదటి వాంతికి పైత్యమంటారు, పొంతనలేని మాటకు గాలి సోకిందంటారు. దిష్టి తీయడాన్ని నేను తప్పుపట్టను గాని, ఆ తరువాత తెల్లవారేదాకా ఆగడం మాత్రం ప్రమాదం.

మూల కారణం పూర్తిగా తేలకపోయినా, వైరస్ జ్వరంలో ఆస్పిరిన్ వేసిన పిల్లల్లోనే ఇది ఎక్కువగా కనిపించింది. అమెరికాలో 1980 ప్రాంతంలో ఏడాదికి వందల సంఖ్యలో నమోదైన కేసులు, ఆస్పిరిన్ వద్దని హెచ్చరించాక, 1987 తరువాత ఏ ఏడూ 36 దాటలేదు. మన దగ్గర తలనొప్పికి వాడే డిస్ప్రిన్, స్టెంటు వేయించుకున్న తాతగారి ఎకోస్ప్రిన్, రెండూ ఆస్పిరినే. ఒళ్లు నొప్పులని ఏడ్చే మనవడికి అందులో సగం విరిచి వేయడం ప్రేమతో చేసే పనే అయినా, చేయకూడని పని. జ్వరానికి బరువును బట్టి పారాసిటమాల్ చాలు. రక్తనాళాలు వాచే కవాసాకి వంటి జబ్బులకు వైద్యులే పిల్లలకు ఆస్పిరిన్ రాస్తారు. దానిని సొంతంగా మానిపించకూడదు.

పుట్టుకతో వచ్చే కొన్ని జీవక్రియ లోపాలు కూడా అచ్చం ఇలాగే కనిపిస్తాయి కనుక రక్తంలో గ్లూకోజు, అమ్మోనియా, కాలేయ పరీక్షలు తప్పవు. నరానికి గ్లూకోజు ఎక్కిస్తూ, మెదడు వాపు తగ్గిస్తూ ఐసీయూలో కాపాడవలసిన జబ్బు ఇది. ఊళ్లో సెలైన్ పెట్టించి చూద్దామనుకునేది కాదు. లంక గ్రామాల వారికి పడవ, ఆ తరువాత ఎదుర్లంక వంతెన, యానాం, కాకినాడ అంటే దారిలోనే ఎంతో సమయం పోతుంది కనుక మగత కనబడగానే బయలుదేరాలి. ఆసుపత్రిలో అడుగుపెట్టగానే ఈమధ్య వచ్చిన జ్వరమేదో, వేసిన మాత్ర ఏదో డాక్టరుగారికి చెప్పాలి. పేరు గుర్తులేకపోతే ఆ మాత్రల అట్టనే జేబులో వేసుకుని వెళ్లవచ్చు.