ప్లాట్‌ఫాం మీద కుర్రాడు

ఇవాళ నాలుగు సెకన్లు చేజారిపోయాయి. వారం కిందట ఎంత సంబరపడ్డానో!

1945లో యుద్ధం ముగిశాక జనం ఇళ్ళకు తిరిగి వెళ్తున్న దృశ్యం కావాలి, మా డాక్యుమెంటరీకి. పాత ఫిల్ములు దాచే ఒక ఆర్కైవ్ పంపిన స్క్రీనర్‌లో, అంటే కొనేముందు చూసుకునే నమూనా కాపీలో, అచ్చం అలాంటి షాటే దొరికింది. ప్లాట్‌ఫాం, మూటాముల్లె, కదిలే రైల్లోంచి వెనక్కి తిరిగి చూసే ఒకావిడ. కేటలాగులోనూ 1945 అనే ఉంది. ఎడిటర్ సీనంతా ఆవిడ చూపు చుట్టూ అల్లుకున్నాడు.

నాకు మాత్రం ఆవిడ కోటు చూసినప్పుడల్లా ఏదో తేడా కొట్టేది. రీలు అంచులు కూడా కనపడేలా స్కాన్ చేసి పంపమని అడిగాను. పొద్దున వచ్చింది. కొడాక్ ఫిల్ము అంచు మీద వృత్తం, చదరం, త్రిభుజం లాంటి చిన్న గుర్తులుంటాయి. ముడి ఫిల్ము ఏ ఏడాది తయారైందో అవే చెబుతాయి. చిక్కల్లా, 20 ఏళ్ళకోసారి అవే గుర్తులు మళ్ళీ వస్తాయి. అంటే ఇది 1925 కావచ్చు, 1945 కావచ్చు, 1965 కావచ్చు. కేటలాగు రాసినవాళ్ళు మధ్యది పట్టుకున్నట్టున్నారు. పక్కనే ‘సేఫ్టీ’ అన్న అక్షరాలు, అంటే తేలిగ్గా అంటుకోని రకం ఫిల్ము. ఆ రోజుల్లో 35 ఎంఎం చాలావరకు నైట్రేటే, నిప్పు తగిలితే భగ్గుమనే రకం. 1950ల మొదట్లో గానీ కొడాక్ దాని తయారీ ఆపలేదు. అనుమానం గట్టిపడింది గానీ, అదొక్కటే రుజువు కాదు.

ఒక్కో ఫ్రేమూ ఆపి చూశాను. స్క్రీనర్‌లో నిమిషాలు, సెకన్లు చూపే టైమ్‌కోడ్ అంకెలు కప్పేసిన ఎడమ మూలలో ఒక కుర్రాడున్నాడు. పదేళ్ళుంటాయేమో. చెవికి ఏదో ఆనించుకున్నాడు. సబ్బుపెట్టె అనుకున్నా ముందు. పెద్దది చేస్తే సన్నటి చిల్లుల స్పీకరు, పక్కన స్టేషన్లు మార్చే చక్రం. ట్రాన్సిస్టర్ రేడియో! అవి బజారులోకి వచ్చిందే 1954లో.

ఎడిటర్‌కి ఫోన్ చేశాను. కాసేపు మాటలేదు.

“ఆ మూల క్రాప్ చేసేస్తే పోదా అండీ? ఎవరు కనిపెడతారు?”

పాపం, వారం రోజుల కష్టం. “కుర్రాణ్ణి తీసేస్తే సంవత్సరం మారదు కదా బాబూ. కింద తేదీ వేస్తాం, చూసేవాళ్ళు నమ్ముతారు. యుద్ధం నుంచి తిరిగొచ్చిన వాళ్ళ పిల్లలు ఆ గుంపులో తమ నాన్న మొహం వెతుక్కుంటారు” అన్నాను. చాలాసేపటికి సరేనన్నాడు.

ఎన్ని సెకన్లు, ఏయే దేశాలు, ఎన్నేళ్ళు అంటూ సాగుతున్న లైసెన్సు బేరం అక్కడితో ఆపేశాను. కుర్రాడి ఫ్రేము జతచేసి, కేటలాగులో తేదీ సరిచేయమని ఆర్కైవ్‌కి రాశాను. నా తర్వాత వెతికేవాళ్ళు ఇదే గుంటలో పడకూడదు.

సాయంత్రం నుంచి మళ్ళీ వేట. ‘రైలు’, ‘సైనికులు’ అని కొడితే వచ్చేవన్నీ ఇప్పటికే అరిగిపోయిన షాట్లు. అందుకని న్యూస్‌రీల్ కెమెరామెన్ రీళ్ళతో పాటు పంపిన కాగితాలు ముందేసుకున్నాను. ఏ షాట్ ఎక్కడ, ఏ రోజు తీశారో వాళ్ళే రాసిపెట్టారు. టైపు మరకలు, కొట్టివేతలు, మార్జిన్లో పెన్సిల్ రాతలు. పదకొండింటికి ఒక కాగితంలో కనిపించింది: “వాన. ప్లాట్‌ఫాం. తల్లి ఎదురుచూస్తోంది.” తేదీ కూడా ఉంది, 1945.

రీలు నంబరు రాసుకున్నాను. రేపు పొద్దున్నే అడగాలి, ఈసారి అంచులతో సహా.